ఎర్రదీపం వెలిగితే ఏడుపు రాదు

ఓపల్ ప్రూవిట్ పుట్టుకతోనే నటి అని ఎవరైనా అంటే నాకు ఒళ్ళు మండుతుంది. నా బొంద! ఐదో ఏటి నుంచి పదమూడో ఏడు దాకా హాలీవుడ్‌లో ఆ పిల్ల జుట్టుకి ఉంగరాలు తిప్పింది నేను. రోజుకి యాభై రెండు ఉంగరాలు. ఒక్కటి తగ్గినా వాళ్ళమ్మ ఊరుకునేది కాదు. ఇప్పుడు ఓపల్ టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ఉద్యోగం చేసుకుంటోంది. ఉంగరాలు ఎప్పుడో కత్తిరించి పారేసింది.

వాళ్ళమ్మ పేరు హెస్టర్. నెబ్రాస్కాలో మొగుడు పోయాక, బావగారి పందుల దొడ్లో చాకిరీ చెయ్యలేక, పిల్లని వెంటేసుకుని రైలెక్కి వచ్చేసింది. మనిషి మంచిదే, కానీ ఆ నోరుందే, అది నిద్రలో తప్ప మూతపడదు. మూకీల రోజుల్లో అదే అన్నం పెట్టింది. కెమెరా తిరుగుతుంటే పక్కనే కూర్చుని అరిచేది: "గడ్డం ఎత్తు! కళ్ళు పెద్దవి చెయ్యి! ఓపల్, నీ కుక్క చచ్చిపోయిందే!"

అంతే, పిల్ల బావురుమనేది. ఆ కుక్కేమో ఇంట్లో సోఫా మీద గుర్రు పెడుతుండేది. ఒక్క ఏడాదిలో పదకొండుసార్లు చచ్చింది పాపం.

అంతలో టాకీలొచ్చి పడ్డాయి. గంట మోగి ఎర్రదీపం వెలిగిందంటే దగ్గు కూడా దగ్గకూడదు. మొదటిరోజే హెస్టర్ "ఏడవ్వే!" అని కేకపెట్టింది. శబ్దం పట్టే మనిషి కుర్చీలోంచి ఎగిరిపడ్డాడు. ఆ సినిమాలో ఓపల్ అనాథ. అనాథకి అమ్మ గొంతెక్కడిది?

దర్శకుడు క్రాంట్జ్ నన్ను పక్కకి పిలిచాడు. "వెర్నా, నీకు పుణ్యముంటుంది. దీపం వెలగ్గానే ఆవిడ నోట్లో పళ్ళకి అతుక్కునే టాఫీ ఒకటి కుక్కెయ్."

కుక్కాను. హెస్టర్ నోరు అతుక్కుపోయింది. ఓపల్ ఏడుపూ ఆగిపోయింది!

దిక్కులేని పిల్ల అనాథాశ్రమం తలుపు కొట్టి భోరుమనాలి. మా ఓపల్ తిరునాళ్ళలో రంగులరాట్నం ఎక్కినట్టు మొహం పెట్టుకుని నిలబడింది. తొమ్మిదిసార్లు తీశారు, తొమ్మిదిసార్లూ అదే నవ్వు. ఉల్లిపాయ కోసి ముక్కు దగ్గర పెడితే కొరుక్కు తినేసింది.

"ఏమే, నీకేం పోయేకాలం? ఏడుపు రావట్లేదా?" అన్నాను.

"ఎలా వస్తుంది వెర్నా ఆంటీ?" అంది చెవిలో గుసగుసగా. "దీపం వెలగ్గానే ఎవ్వరూ మాట్లాడరు. అమ్మ కూడా! ఎంత హాయిగా ఉందో."

నాకు నవ్వాగలేదు. కానీ నవ్వే రోజులు కావవి. ఒప్పందం ఆర్నెల్లకోసారి కొత్తగా రాస్తారు, ఆ శుక్రవారంతో గడువు సరి. క్రాంట్జ్ హెస్టర్‌తో మొహం మీదే చెప్పేశాడు. "శుక్రవారం ఏడవకపోతే ఇంకో పిల్లని పెట్టుకుంటానమ్మా. బయట వరండాలో నలభైమంది ఉన్నారు. లోపలికి రానివ్వలేదని ఇప్పటికే ఏడుస్తున్నారు." అంటే మళ్ళీ నెబ్రాస్కా, మళ్ళీ ఆ పందులు.

శుక్రవారం పొద్దున హెస్టర్ వచ్చి మూల కుర్చీలో కూలబడింది. ఉంగరాలు చూడలేదు. "నిటారుగా నిలబడు" అనలేదు. నేను కావాలనే రెండు ఉంగరాలు తగ్గించినా కిక్కురుమనలేదు. చేతిసంచీని ఒళ్ళో పెట్టుకుని నేలకేసి చూస్తూ ఉండిపోయింది.

ఓపల్ అద్దంలోంచి అటే చూస్తోంది. "అమ్మా, నా రిబ్బను వంకరగా ఉంది కదూ?" అంది. హెస్టర్ తలెత్తలేదు. "అమ్మా, నేను పాలు తాగలేదు." అయినా ఎత్తలేదు. ఓపల్ నా ఏప్రను అంచు పట్టుకుంది. "వెర్నా ఆంటీ, అమ్మకేమైంది? ఇంకా దీపం వెలగలేదుగా?"

నేనేం చెప్పను? గంట మోగింది, దీపం వెలిగింది. పిల్ల తలుపు కొట్టి, అనవలసిన మాట అంది. "లోపల ఎవరైనా ఉన్నారా? నాకెవరూ..." అంటూ కెమెరా వెనక చీకట్లో అమ్మ కూర్చున్న వైపు చూసింది. అక్కణ్ణుంచి చిన్న సడి కూడా లేదు. ఇక చూడాలి, ఆ ఏడుపు! అలాంటి ఏడుపు అంతకుముందెప్పుడూ వినలేదు నేను, మళ్ళీ వినాలనీ లేదు.

"కట్!" అని క్రాంట్జ్ ఎగిరి గంతేశాడు. "ఇదీ నటనంటే! ఒప్పందం తెండి!"

నటనా, నీ మొహమా! ఓపల్ అతన్ని తోసుకుంటూ పరిగెత్తి తల్లి గౌను రెండు చేతులా పట్టేసుకుంది. "ఏదో ఒకటి అను అమ్మా. తిట్టు."

హెస్టర్ చేతిసంచీలోంచి రుమాలు తీసి పిల్ల మొహం ముందు పెట్టింది. "ముక్కు తుడుచుకో ముందు. రెండో మాట మింగేశావు. ఆ మేజోడు చూడు, మడమ దాకా జారిపోయింది. ఇంత పెద్ద పిల్లవి..."

"ఊఁ," అంది ఓపల్, గౌనులో మొహం దాచుకుని. "ఇంకా?"