బెల్‌ఫాస్ట్ బాసుకి నరసరావుపేట ఫ్లెక్సీ

ఉద్యోగం పోగొట్టుకోవాలంటే మామూలు మనుషులు ఆలస్యంగా వెళ్తారు, పని ఎగ్గొడతారు, మరీ తెగిస్తే బాసుతో పోట్లాడతారు. నేను అలాంటి చిల్లర పద్ధతుల జోలికి పోలేదు. ఆరడుగుల పొడవు, నాలుగడుగుల వెడల్పు ఫ్లెక్సీ అచ్చు వేయించి, పుట్టినరోజు నాడు మా బాసు మొహానికి ఎదురుగా కట్టాను. అందులో ఐర్లండు గణతంత్రవాద నాయకులు ఆరుగురు, ఒక సింహం, చేతులు జోడించుకుని నేను ఉన్నాం. సింహం ఎందుకని నన్నడక్కండి. మా నరసరావుపేటలో సింహం లేకుండా ఫ్లెక్సీ కట్టరు.

అప్పటికి నాకు ముప్ఫై ఒకటి. సింగపూర్‌లో, రాఫెల్స్ ప్లేస్‌లోని ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో చేరి ఐదు నెలలైంది. ఆరు నెలలు ప్రొబేషన్. ఆ తర్వాత మా బాసు డెక్లన్ ఒక ఉత్తరం మీద సంతకం పెడితే ఉద్యోగం ఖాయం. పెట్టకపోతే వర్క్ పాస్ రద్దయిపోతుంది, నెల తిరక్కుండా పెట్టే బేడా సర్దుకోవాలి. మా ఆవిడ సుజాత గుంటూరు కాలేజీలో లెక్చరర్ ఉద్యోగానికి రాజీనామా చేసి మరీ నాతో వచ్చింది. బుకిట్ పంజాంగ్‌లో ఫ్లాట్ తీసుకున్నాం. వంటింటి గోడకి క్యాలెండర్ తగిలించి, ప్రొబేషన్ ఆఖరి రోజు చుట్టూ ఎర్ర సిరాతో సున్నా చుట్టింది తను. పొద్దున్నే కాఫీ గ్లాసు చేతికిస్తూ, "ఇంకా ఇరవై తొమ్మిది రోజులు. మీరు అతి తెలివి చూపించకుండా ఉంటే చాలు," అనేది. ముప్ఫై ఒక్క ఏళ్ళ మగాడికి ఈ మాట ఎంత చిన్నతనంగా ఉంటుందో మీరే చెప్పండి. నేను మనసులో నవ్వుకుని, ఊరుకునేవాణ్ణి.

డెక్లన్‌ది ఉత్తర ఐర్లండులోని బెల్‌ఫాస్ట్. నలభై ఐదేళ్ళవాడు, నెమ్మదస్తుడు. వానల గురించీ, ఫుట్‌బాల్ గురించీ, కింద హాకర్ సెంటర్ తిండికొట్లలో దొరికే చికెన్ రైస్ గురించీ ఎంతసేపైనా మాట్లాడేవాడు. సొంత ఊరి సంగతి ఎత్తితే మాత్రం మాట మార్చేసేవాడు. అక్కడే నా బుర్రలో పురుగు తొలవడం మొదలుపెట్టింది.

మా ఊరి సంగతి మీకు కొంచెం చెప్పాలి. మా దగ్గర మనిషి ఇంటిపేరేంటి, ఏ పేటలో ఉంటాడు, ఏ టీ కొట్టు దగ్గర నిలబడతాడు, ఈ మూడూ చెబితే చాలు. వాడిది ఏ పార్టీయో, పార్టీలో ఏ వర్గమో, ఆ వర్గంలో ఎవరి మీద అలిగి ఉన్నాడో కూడా చెప్పేస్తాం. ఇంకో సూత్రం కూడా ఉంది. జెండా పట్టుకుని గొంతు చించుకునేవాడు బిర్యానీ పొట్లం కోసం వచ్చినవాడు, నోరు విప్పనివాడే అసలు సిసలు పార్టీ మనిషి. ఈ విద్య నాకు ఉగ్గుపాలతో పట్టారు. సముద్రం దాటినంత మాత్రాన అది ఊరుకుంటుందా?

రెండు వారాలు ట్రైన్లో వస్తూ పోతూ ఐర్లండు రాజకీయాలు చదివాను. అబ్బబ్బ, ఏం పార్టీ అండీ ఆ గణతంత్రవాదులది! ఉత్తర ఐర్లండు బ్రిటన్ కింద ఉండకూడదనేవాళ్ళు. జైల్లోంచే ఎన్నికల్లో గెలిచినవాళ్ళున్నారు. తుపాకులు పక్కన పెట్టి ఓట్లడగడానికి వచ్చినవాళ్ళున్నారు. నిన్నటిదాకా మొహం చూసుకోని శత్రువుతో ఒకే ప్రభుత్వంలో పక్కపక్క కుర్చీల్లో కూర్చుని నవ్వినవాళ్ళున్నారు. లండన్ పార్లమెంటుకి గెలుస్తారు, కానీ వెళ్ళి కూర్చోరు. కూర్చోకపోవడమే సిద్ధాంతం. కొన్నేళ్ళపాటు వాళ్ళ నాయకులు బ్రిటిష్ టీవీలో కనపడొచ్చు గానీ గొంతు వినపడకూడదని ప్రభుత్వం నిషేధం పెడితే, నటులు డబ్బింగ్ చెప్పారట. ఇక చీలికలంటారా, బ్రిటన్‌తో ఒప్పందానికి ఒప్పుకున్నందుకు ఒక చీలిక, కనీసం ఐర్లండు సభలోనైనా కూర్చుంటామన్నందుకు ఇంకో చీలిక. చదువుతుంటే నాకు సొంత ఊరికి వెళ్ళినట్టుండేది.

డెక్లన్ ఆ పార్టీవాడేనని తేల్చడానికి నాకు మూడు సాక్ష్యాలు దొరికాయి. ఒకటి, పేరు. అది ఆ పార్టీకి ఓట్లేసే కాథలిక్ వాడల్లో పెట్టే పేరని ఇంటర్నెట్టే చెప్పింది. రెండు, బెల్‌ఫాస్ట్‌లో ఆ పార్టీకి కంచుకోట అయిన పడమటి వైపు పుట్టానని ఒకసారి నోరు జారాడు. మూడోది బ్రహ్మాండమైనది. ఒకరోజు సాయంత్రం నాలుగింటికి ప్యాంట్రీలో టీ తాగుతుంటే, టీవీ వార్తల్లో లండన్ పార్లమెంటు చూపించారు. డెక్లన్ మాట్లాడకుండా లేచి, కుర్చీ అటు తిప్పుకుని, టీవీకి వీపు పెట్టి కూర్చున్నాడు. నా ఒళ్ళు జలదరించింది. సింగపూర్‌లో కూర్చుని కూడా ఆ సభని చూడని మనిషి! ఎంత నిష్ఠ!

ఆ పార్టీ అభిమానిని ఎలా గౌరవించాలో నాకొకరు నేర్పాలా?

సిటీలో ఒక ప్రింటింగ్ షాపుకి వెళ్ళాను. పైవరసలో ఆరుగురు నాయకుల ఫోటోలు గుండ్రంగా కత్తిరించి, తలా ఒక గులాబీ దండ వేయించాను. పార్టీ పుట్టిననాటి నుంచి ఎవరినీ వదలకూడదని, చీలికకి ఇటువైపు ముగ్గురినీ అటువైపు ముగ్గురినీ కలిపి పెట్టాను. మధ్యలో నిలువెత్తు డెక్లన్, జనానికి అభివాదం చేస్తున్నట్టు చెయ్యి ఎత్తి. నిజానికి ఆ ఫోటో టీమ్ డిన్నర్లో పుల్లలకి గుచ్చి కాల్చిన మాంసం, సాటే అంటారు, అది ఇంకో ప్లేటు కావాలని వెయిటర్‌ని పిలుస్తున్నప్పుడు తీసింది. పక్కన సింహం. కింద ఇంగ్లీషులో, "మా ప్రియతమ నాయకునికి జన్మదిన శుభాకాంక్షలు. ఇట్లు, మీ ఆత్మీయ కార్యకర్త." దాని కింద నేను. షాపులోని చైనీస్ అంకుల్ కళ్ళజోడు పైకి తోసుకుని దాన్ని రెండుసార్లు చూసి, "పెళ్ళికా, చావుకా?" అని అడిగాడు. అప్పుడైనా నాకు వెలగాలి కదా. వెలగలేదు.

శుక్రవారం డెక్లన్ పుట్టినరోజు. మూడున్నరకి ప్యాంట్రీలో కేకు కోస్తారు. నేను మూడింటికే వెళ్ళి, వాటర్ కూలర్‌కి ఒక తాడు, నోటీసు బోర్డు మేకుకి ఒక తాడు కట్టి ఫ్లెక్సీ ఎత్తాను. అప్పుడే నర్సి అంకుల్ వచ్చారు. ఆయన మా టీములో అందరికంటే సీనియర్, మలేషియాలో పుట్టిన తెలుగువాడు. తాతలనాడే రబ్బరు తోటలకి వలసవెళ్ళిన కుటుంబం. ఆయన తెలుగులో తమిళం, మలాయ్ కావలసినంత కలిసి ఉండేవి.

ఫ్లెక్సీని ఈ చివర నుంచి ఆ చివర దాకా చూసి, గొంతు తగ్గించి అన్నారు. "తంబీ, ఈ ఊళ్ళో మకాన్ గురించి మాట్లాడు, వాన గురించి మాట్లాడు. బయట దేశం పాలిటిక్స్ మట్టుకు జాంగాన్ లా." మలాయ్‌లో మకాన్ అంటే తిండి, జాంగాన్ అంటే వద్దని.

"పాలిటిక్స్ కాదంకుల్, ప్రేమ," అన్నాను నేను, తాడు బిగిస్తూ.

అడుసు తొక్కనేల, కాలు కడగనేల అన్నారు పెద్దలు. నేను ఐర్లండు నుంచి అడుసు తెప్పించుకుని మరీ తొక్కుతున్నానని ఆయనకి అర్థమైంది, నాకే కాలేదు. ఆయన నిట్టూర్చి, కేకుకి దగ్గరగా కుర్చీ లాక్కున్నారు.

జనం వచ్చారు. హెచ్.ఆర్. మేడం లిమ్ వచ్చి, ఫ్లెక్సీ చూసి, ఫోన్ తీసి ఫోటో కొట్టింది. మెచ్చుకుని తీసిందనుకుని నేను కొంచెం పక్కకి జరిగి, నా బొమ్మ కూడా పడేట్టు చూశాను. ఆవిడ మాత్రం, ఆఫీసులో పరదేశ పార్టీల ప్రచారం పెట్టకూడదని నీకెవరూ చెప్పలేదా, ప్రొబేషన్ కాయితాల మీద సంతకం పెట్టేటప్పుడు చదవలేదా అని అడిగింది. ప్రొబేషన్ అనే మాట వినగానే నాకు వంటింటి క్యాలెండర్ కనపడింది.

అంతలో డెక్లన్ వచ్చాడు.

వచ్చి నిలబడ్డాడు. నవ్వలేదు, కోప్పడలేదు. మొదటి బొమ్మ నుంచి ఆరో బొమ్మ దాకా ఒక్కొక్కరినీ చూసుకుంటూ వెళ్ళాడు. చివరికి వేలు పెట్టి చూపించాడు. "ఈ రెండో ఆయన మనుషులూ ఆ ఐదో ఆయన మనుషులూ వీధుల్లో ఒకరినొకరు కాల్చుకున్నారు. నువ్వు ఇద్దరికీ ఒకే రకం దండ వేశావు." ఆ తర్వాత, కేకు కోసుకు తినండని అందరికీ చెప్పి, నన్ను తన గదిలోకి రమ్మన్నాడు. వెళ్తూ వెళ్తూ చూస్తే, నర్సి అంకుల్ ఒక తాడు, లిమ్ ఒక తాడు విప్పుతున్నారు.

గదిలో నేను నిలబడే, నా పరిశోధన మొత్తం అప్పచెప్పాను. పేరు, పడమటి వైపు, కుర్చీ. కుర్చీ దగ్గరికి వచ్చేసరికి డెక్లన్ మొహం చిట్లించాడు.

"నాలుగింటికి ఆ కిటికీలోంచి ఎండ కళ్ళల్లో పడుతుంది. దానికి తెర లేదు. అందుకు తిప్పుకున్నాను."

నిష్ఠ గంగలో కలిసింది.

ఆ తర్వాత అతను చెప్పింది నేను మర్చిపోలేదు. వాళ్ళ నాన్న ఆ పార్టీ మనిషే, ముప్ఫై ఏళ్ళు. చీలిక వచ్చినప్పుడు నాన్న ఒకవైపు వెళ్తే, బాబాయి రెండోవైపు వెళ్ళాడు. ఒకే వీధి, ఎదురెదురు ఇళ్ళు, మాటల్లేవు. నాయనమ్మ పోతే శవపేటికకి ముందు భుజం నాన్నది, వెనక భుజం బాబాయిది. శ్మశానం దాకా అలాగే మోశారట, అడుగు కలిపారు గానీ ఒక్క మాట కలపలేదట.

"అందుకే ఇంత దూరం వచ్చాను," అన్నాడు. "ఏడేళ్ళయింది. నువ్వు ఎవరి పక్షం అని ఈ ఊళ్ళో నన్నెవరూ అడగలేదు. ఇవాళ్టిదాకా."

నాకు నిజంగా ఏడుపొచ్చింది. సిగ్గుతో తల దించుకుని, ఏదో ఒకటి అనాలని, మా నాన్నా మా పెదనాన్నా కూడా సర్పంచి ఎన్నికల పుణ్యమా అని పదకొండేళ్ళు మాట్లాడుకోలేదని చెప్పాను. మా నానమ్మ ఇద్దరిళ్ళకీ మధ్య కూరగిన్నెలు మోసి మోసి పోయిందని చెప్పాను.

"మరి నీకు తెలిసి ఉండాలి కదా," అన్నాడు డెక్లన్.

తిట్టి ఉంటే బాగుండేది. తిట్లు మా ఊళ్ళో చాలా తిన్నాను, అరిగించుకోవడం తెలుసు. ఈ మాట మాత్రం ఇప్పటికీ అరగలేదు.

లిమ్ నన్ను పంపించేయమందట. డెక్లన్ ఒప్పుకోలేదు, ఉత్తరం మీద సంతకమూ పెట్టలేదు. ప్రొబేషన్ ఇంకో మూడు నెలలు పొడిగించి, దాంతోపాటు ఒక శిక్ష వేశాడు. "అంత చదివావు కదా, గొంతు నిషేధం గురించి కూడా చదివే ఉంటావు. ఈ మూడు నెలలూ క్లయింటు మీటింగుల్లో నీ మొహం కనపడొచ్చు, గొంతు వినపడకూడదు. నీ మాటలు నర్సి చెబుతాడు." అది చెబుతున్నప్పుడు మాత్రం అతని మూతి చివర ఒక చిన్న కదలిక చూశాను, లేదా చూశాననుకున్నాను.

ఇంటికెళ్ళి సుజాతకి సంగతంతా చెప్పాను. క్యాలెండర్ దగ్గరికి వెళ్ళి, ఎర్ర సున్నా కొట్టేసి, మూడు నెలల అవతల ఇంకో సున్నా చుట్టింది, ఈసారి నల్ల సిరాతో. తర్వాత అడిగింది. "సింహం కూడా పెట్టారా?"

పెట్టానన్నాను. తను వంటింట్లోకి వెళ్ళిపోయింది.

ఆ మూడు నెలలూ స్క్రీన్ మీద నేను మూగనోముతో, పక్కన నర్సి అంకుల్ నా స్లైడ్లకి డబ్బింగ్ చెబుతూ. నేను నాలుగు స్లైడ్లలో రాసినదాన్ని ఆయన, "ఇది పని చేస్తుంది, ఇది చేయదు, ఇది వచ్చే వారం లా," అని మూడు ముక్కల్లో తేల్చేసేవారు. నేను లోపల లోపలే ఉడికిపోయేవాణ్ణి.

నల్ల సున్నా రోజు వచ్చింది. డెక్లన్ పిలిచి ఉత్తరం చేతికిచ్చాడు, సంతకంతో సహా. నేను కృతజ్ఞతలు చెప్పబోతుంటే, నాకు కాదు క్లయింటుకి చెప్పుకో అని ఒక ఈమెయిల్ చూపించాడు. ఈ మూడు నెలల్లో మీ ఇంజనీరు ప్రెజెంటేషన్లు ఎంతో బాగుపడ్డాయి, ఇప్పుడు మాకు అంతా అర్థమవుతోంది, దయచేసి ఇదే పద్ధతి కొనసాగించండి అని ఉంది అందులో. కొనసాగించారు కూడా. నర్సి అంకుల్ రిటైరయ్యేదాకా నా గొంతు ఆయనదే.

ఇక ఫ్లెక్సీ అంటారా? గట్టి సరుకు, పారేయడానికి సుజాతకి మనసొప్పలేదు. బొమ్మల వైపు కిందకి బోర్లించి, కారిడార్లో ఎండపడే చోట పరిచి, మినప వడియాలు పెట్టింది. ఒక ఆదివారం డెక్లన్ భోజనానికి వచ్చి ఓ అంచు ఎత్తి చూశాడు. ఆరుగురూ బోర్లా పడుకుని, వర్గభేదం లేకుండా మా వడియాలు మోస్తున్నారు. "వీళ్ళందరూ కలిసి ఒక్క పని చేయడం ఇదే మొదటిసారి," అన్నాడు. అని, నవ్వాడు. నవ్వి నవ్వి గోడ పట్టుకున్నాడు. అప్పుడు గానీ నా గుండె మీది బరువు దిగలేదు. వెళ్ళేటప్పుడు సుజాత వేయించని వడియాలు ఒక డబ్బా నిండా పెట్టి ఇస్తే, సగం బెల్‌ఫాస్ట్‌లో నాన్నకీ, సగం బాబాయికీ పంపిస్తానన్నాడు. పంపాడో లేదో నేను అడగలేదు. అడక్కూడదని నేర్చుకున్నది నా జీవితంలో అదే మొదటిసారి.

కాబట్టి పాఠక మహాశయులారా, ఆ వడియాల మీద ఒట్టు పెట్టి చెబుతున్నాను. ఇకమీదట ఎవరి ఇంటిపేరూ ఆరా తీయను. ఊరు అడిగినా పేట అడగను. సింహాన్ని అడవిలోనే ఉండనిస్తాను. నా ఎదురుగా ఎవరైనా కుర్చీ తిప్పుకుని కూర్చుంటే, వాళ్ళ సిద్ధాంతం గురించి ఆలోచించే ముందు లేచి వెళ్ళి కిటికీకి తెర వేస్తాను.