షటిల్ అడుగున పలకలు

టెక్సాస్‌లోని కాపెల్‌లో మా అమ్మాయి ఇంట్లో టీవీ చూస్తున్నాను. అంతరిక్షంలో ఉన్న షటిల్‌ని తిరగేసి, మంట తగలకుండా అడుగున అతికించిన పలకలను పరీక్షిస్తున్నారు. రెండేళ్ల కిందట కొలంబియా అనే షటిల్ ఆ మంట అడ్డు దెబ్బతిని, దిగుతూ ఈ టెక్సాస్ మీదే ముక్కలైంది. అందుకే ఇంత జాగ్రత్త.

చిన్నప్పుడు మన ఇళ్లలో ఇత్తడి గిన్నెల అడుగున మాడకుండా తడిమట్టి పూసి పొయ్యి ఎక్కించేవాళ్లం, గుర్తుందా? ఆ మట్టి వేడెక్కే వాసన ఇప్పుడు ముక్కుకి తగిలినట్టయింది. ఆకలేసి నేను తొందరపడి పూస్తే అమ్మ గిన్నె బోర్లించి, "కళ్లెక్కడ పెట్టావే? ఇక్కడ మట్టి పగిలింది, మళ్లీ పుయ్యి" అనేది.

"ఎన్నిసార్లు చెక్ చేస్తారు అమ్మమ్మా? బోర్!" అంది మనవరాలు.

"చెయ్యనీ. మాడిన గిన్నె అయితే తోముకోవచ్చు. అందులో ఏడుగురు మనుషులున్నారు."

అది టీవీ కట్టెయ్యబోతే రిమోట్ లాక్కున్నాను. దిగడానికి ఇంకా చాలా రోజులుందట. అన్నాళ్లూ ఎలా కుదురుగా కూర్చోవాలో తెలియడం లేదు.