డెబ్బై ఆరడుగుల ఓడ

విజయశ్రీ జెర్సీ సిటీలో ఒక బ్యాంకుకు సాఫ్ట్‌వేర్ టెస్టర్. ఇరవై ఏళ్లుగా ఎదుటివాళ్ల పనిలో తప్పులు పట్టడమే ఆమె ఉద్యోగం. శనివారాలు ఊరికే కూర్చోలేక, ఒక మ్యూజియానికి పాత ఓడ దినచర్య పుస్తకం టైపు చేసిపెట్టడానికి ఒప్పుకుంది.

ఆ ఓడ పేరు లూసీ హాలెట్. అమెరికా అంతర్యుద్ధానికి ముందు సరుకులు మోసిన చిన్న తెరచాప ఓడ. ఉత్తరాది నౌకాదళం దాన్ని కొని, రెండు ఫిరంగులు బిగించి, కరొలైనాలో ఒక నది ముఖద్వారం దగ్గర కాపలా పెట్టింది. దక్షిణాది సైన్యానికి సముద్రం మీంచి ఏదీ చేరకుండా దారి కట్టెయ్యడమే దాని పని.

తొంభై పేజీల దాకా గాలి, నీటి లోతు, వాన. అంతే. విజయశ్రీకి విసుగొచ్చింది.

ఆ తర్వాత ఒక తెల్లవారుజామున నదిలోంచి దోనె వచ్చింది. అందులో బానిసత్వం నుంచి తప్పించుకున్న తొమ్మిది మంది. ఒక తల్లి ఒడిలో మూడు రోజుల పసికందు. వాళ్లలో ఐజక్ అనే జాలరి ఓడలోనే పనికి కుదిరాడు; మిగతావాళ్లను ఉత్తరాది శిబిరానికి చేర్చారు.

అతను చేరిన పన్నెండో రోజున తుఫాను. లంగరు గొలుసు తెగింది. ఓడ ఇసుకదిబ్బల మీదికి కొట్టుకుపోతోంది. "చుక్కాని ఐజక్ చేతికిచ్చాం" అని రాశాడు కెప్టెన్. మ్యాపులో లేని ఒక పాయలోంచి ఐజక్ ఓడను నదిలోకి మళ్లించి, అడవి చాటున నిలిపాడు. రెండు రోజులకు ఓడ మళ్లీ తన కాపలా చోటికి చేరింది. ఐజక్‌తో కలిపి ఓడలోని ముప్పై నలుగురూ క్షేమం.

 విజయశ్రీ కొలత టేపు పట్టుకుని అపార్ట్‌మెంట్ కారిడార్‌లోకి వచ్చి, కాలేజీలో చదువుతున్న కూతురు హంసికను పిలిచింది.

"అమ్మా, ఏం మెజర్ చేస్తున్నావ్?"

"ఓడని. ఆ చివర పట్టుకో."

ఓడ పొడవు డెబ్బై ఆరడుగులూ లిఫ్ట్ దగ్గర మొదలై చెత్తగది తలుపు దగ్గర అయిపోయాయి.

"నో వే! థర్టీ ఫోర్ పీపుల్ ఇక్కడే ఉన్నారా?"

"నెలల తరబడి. అది కాదే, ఆ ఐజక్‌ని చూడు. ఏ నదిలోంచి ప్రాణాలు అరచేత పట్టుకుని పారిపోయి వచ్చాడో, మళ్లీ అందులోకే వెళ్లాడు. వీళ్లందరినీ బతికించడానికి."

 హంసిక టేపు చివర వదల్లేదు.

మ్యూజియం వాళ్ల నావికుల జాబితాలో ఐజక్ పేరు లేదు. విజయశ్రీ పేజీ, వరుస, తేదీ చూపిస్తూ మెయిల్ పెట్టింది. నెల రోజులు సరిచూసుకుని వాళ్లు అతని పేరు చేర్చారు. ఇంటిపేరు దొరకలేదు. దానికోసం ఆమె ఇప్పుడు ఆ తీరంలో కాపలా కాసిన మిగతా ఓడల పుస్తకాలు చదువుతోంది.