ఎదురింటి 'ఊఁ'

నిన్న మధ్యాహ్నం పులుసులోకి చింతపండు నానేసి కూచున్నానా, నేనేమీ నొక్కకుండానే ఫోన్లో ఒక చిన్న ఫార్సీ డాక్యుమెంటరీ మొదలైంది. ఇరాన్‌లో ఏదో కొండప్రాంతం, తివాచీలు నేసే ఆడవాళ్లు. ఒకామె ఏ రంగు నూలు వెయ్యాలో పాటగా చెబుతుంది, మగ్గం దగ్గరున్నవాళ్లు ముడి వేసి పాటగానే బదులిస్తారు. చూడగానే గుర్తుపట్టాను. ఇది ఇంతకుముందు చూసిందే, అదీ పక్కన కూర్చోబెట్టుకుని చూపించిన మనిషితో.

ఈ పరాయిదేశంలో, టోవా పాయో అనే పేటలో మా ఫ్లాట్‌కి ఎదురుగా ఒక ఇరానీ ఆవిడ ఉండేది. నేను కొడుకు దగ్గరికి వచ్చినట్టే ఆవిడ కూతురి దగ్గరికి వచ్చింది. పిల్లలు ఆఫీసులకి పోగానే కారిడార్లో చెరో ప్లాస్టిక్ కుర్చీ వేసుకునేవాళ్లం. ఆవిడకి తెలుగు రాదు, నాకు ఫార్సీ రాదు, ఇద్దరి ఇంగ్లీషూ అంతంతమాత్రం. అయితేనేం, నోళ్లు ఊరుకుంటాయా! ఒకరోజు తన ఫోన్లో ఈ సినిమా చూపించింది. అది వాళ్ల ప్రాంతానిదట. చిన్నప్పుడు అక్క రంగులు చెబితే తను బదులు పాడేదట. ఇదంతా సగం చేతులతోనే చెప్పింది. నేను అలవాటుకొద్దీ, కథ వింటున్నట్టు 'ఊఁ' కొడుతున్నాను. మధ్యలో కూర మాడుతోందేమోనని లోపలికి తొంగిచూసి ఊఁ మరిచానో లేదో, ఆవిడ టక్కున ఆపేసింది. బదులు రాందే తర్వాతి రంగు చెప్పకూడదు మరి, అదీ వాళ్ల పద్ధతి! నేను మళ్లీ 'ఊఁ' అన్నాకే కదిలింది. నవ్వలేక చచ్చాను. మర్నాటినుంచి నేను గోదారి వరదలూ, మా అత్తగారి ఆరళ్లూ తెలుగులో చెప్పుకుపోతుంటే ఆవిడ కళ్లు పెద్దవి చేసుకుని ఊఁ కొట్టేది. మా ఆయన బతికున్నన్నాళ్లూ పేపరు చాటునుంచి ఒక్క ఊఁ కొట్టి ఎరగరు.

తర్వాత కూతురికి వేరే దేశంలో ఉద్యోగమొచ్చింది, ఆవిడ వాళ్ల ఊరెళ్లిపోయింది. కొన్నాళ్లు ఫోన్లోనే ఊఁ కొట్టుకున్నాం. ఈమధ్య ఎన్నిసార్లు చేసినా ఎత్తడం లేదు. ఒంట్లో ఎలా ఉందో, అసలు ఉందో లేదో, ఎవర్నడగను? ఆవిడ కుర్చీని మాత్రం కారిడార్లోంచి తియ్యనివ్వలేదు. కోడలు రోజూ సణుగుతూనే ఉంటుంది.

నిన్న సినిమాలో ఆమె రంగు చెప్పి ఆగింది. "ఊఁ" అన్నాను గట్టిగా. అప్పుడే స్కూల్నుంచి వచ్చిన మనవరాలు, "నానమ్మా, వీడియోకి వినిపించదు లా!" అని ఇక్కడి పిల్లల యాసలో అనేసి గదిలోకి పోయింది. నిజమే. అయినా మనసాగక ఆవిడ నంబరు మళ్లీ నొక్కి చెవి దగ్గర పెట్టుకున్నాను. మోగి మోగి ఆగిపోయింది. కాలానికేం, ఎవరూ ఊఁ కొట్టకపోయినా దాని దారిన అది పోతూనే ఉంటుంది. తర్వాతి రంగు చెప్పలేక ఆగిపోయింది నేనే.