బోర్లా పడుకున్న అమ్మకు చెప్పిన డిటెక్టివ్ బొమ్మలు

కంటి లోపలి పొర ఊడిందని అమ్మకు కర్నూలులో ఆపరేషన్ చేశారు. కంట్లోకి గాలి ఎక్కించారు కాబట్టి కొన్నాళ్లు బోర్లానే పడుకోవాలన్నారు డాక్టరు. ఆలూరు పక్క పల్లెలో పొద్దు పొడవకముందే చేనికి పోయే మనిషి ఆమె. పీకిన శనక్కాయ ఇంకా చేలోనే కుప్పలుగా ఉంది. మబ్బు పడుతోందని తమ్ముడు ఫోన్‌లో చెప్పినప్పటి నుంచీ ఆమె కాళ్లు దుప్పటి కింద కదులుతూనే ఉన్నాయి.

"మోడం ఎట్లుండాదో చూడు పాపా."

"ఇప్పుడే చూసినా గదమ్మా."

"మళ్లా చూడు."

కిటికీ దాకా వెళ్లి వచ్చాను. నాకూ కుదురు లేదు. చూపు వస్తుందో రాదో ఎవరూ గట్టిగా చెప్పడం లేదు. ఆమె తల ఎత్తబోవడం, నేను వద్దనడం, ఆమె విసుక్కోవడం.

వార్డు టీవీలో ఎవరో పిల్లల బొమ్మలు పెట్టారు. మాటల్లేవు, అన్నీ దబదబా చప్పుళ్లే. పక్క మంచాలవాళ్లు నవ్వుతుంటే అమ్మకు ఉండబట్టలేదు.

"ఏం జరుగుతాండాది?"

"డిటెక్టివమ్మా. భూతద్దం పెట్టుకోని, దొంగ అడుగులు చూసుకుంటా స్తంభం చుట్టూ తిరుగుతాండాడు."

"దొంగ యాడుండాడు?"

"వాని వెనకాలే. మూట ఎత్తుకోని వాడూ తిరుగుతాండాడు."

"ఎనక్కి చూడమను ఆ యెర్రోన్ని!"

"చూసినాడు. రవ్వంత పట్టుకోమని దొంగ మూట చేతికిచ్చినాడు. ఈయన పట్టుకోని దండం పెట్టినాడు. అంతలో పోలీసులొచ్చి ఈయన్నే ఎత్తుకపోయినారు."

అమ్మ మంచం కిర్రుకిర్రుమనేలా నవ్వింది. నర్సు పరుగెత్తుకొచ్చింది.

"కదలద్దని చెప్పినా గదమ్మా!"

"నేనేడ కదిల్నా?" అంది అమ్మ దిండులోంచే. "తప్పంతా టీవీలో ఆ యప్పది."

సాయంత్రం తమ్ముడు ఫోన్ చేశాడు. పట్టలు కప్పేలోపే వాన పడిందట. వరండాలో అటూ ఇటూ తిరిగి, చివరికి అమ్మకు చెప్పేశాను.

"ఎండ వస్తానే కుప్పలు తిరగెయ్యమను. అదే పనిగా పండుకుంటాడు వాడు," అంది అమ్మ. మళ్లీ కాళ్లు కదిలించడం మొదలుపెట్టింది.

ఆ కంటికి చూపు సగమే వచ్చింది. ఇంటికి పోయిన మర్నాడే, వద్దంటున్నా వినకుండా చేనికి బయలుదేరింది. కుప్పలో చెయ్యిపెట్టి ఒక్కో కాయా తీసి చెవి దగ్గర ఆడించింది. తడి ఆరక గలగలమనని వాటిని పక్కకు వేస్తూ, ఎండ పోతోంది, చేతులు ఆడించమని నన్ను తొందరపెట్టింది.