నాపరాయి ఆరేదాకా

కరోనా తగ్గిన మరుసటి వేసవి. బేతంచెర్ల దగ్గర నాపరాళ్ల గనుల్లో పనిచేసి ముసలివాళ్లయిన కూలీల జ్ఞాపకాల మీద డాక్యుమెంటరీ తీస్తున్నాను. ఇరవయ్యేళ్లుగా నా పని జనాన్ని కూర్చోబెట్టి మాట్లాడించడమే. ఎంతటి మొండివాడి చేతనైనా మాట్లాడిస్తానని కాస్త పొగరు కూడా ఉండేది.

ఆ పొగరు మూడు రోజుల్లో దించాడు మద్దిలేటి. డెబ్బై దాటిన మనిషి. ఏమడిగినా ఒకటే జవాబు.

"ఏముండాదప్పా చెప్పేకి. రాయి కొట్టినాము, కూడు తిన్యాము."

మూడో రోజు ఆయన కూతురు సుంకులమ్మ నాకు మజ్జిగ ఇస్తూ మెల్లగా చెప్పింది. "మాయమ్మ గనిలోనే పోయిందన్నా. నాకప్పుడు ఆరేండ్లు. ఎట్ల పోయిందో నాయన యానాడూ చెప్పలేదు. నీ కెమెరాకైనా చెప్తాడేమోనని రానిచ్చినా."

అప్పటినుంచి నాకు సినిమా కంటే ఆమె ప్రశ్నే ఎక్కువైంది.

మర్నాడు పొద్దున్నే ముగ్గురం ఆయన పనిచేసిన పాత గనికి పోయాం. తవ్వకం ఆగిపోయి ఏళ్లయింది. అడుగున వాననీళ్లు నిలిచి, ఆకాశం అక్కడికే దిగివచ్చినట్టుంది. పక్కనున్న పాలిష్ ఫ్యాక్టరీల నుంచి తేలివచ్చే రాతిపొడిలో ఎండ పాలలా కలిసిపోయింది. గట్టిగా మాట్లాడితే ఆ గని కలలా చెదిరిపోతుందేమో అనిపించింది.

మద్దిలేటి చొక్కాకు లేపల్ మైకు, అంటే గుండీ అంత చిన్న మైకు, తగిలించి కెమెరా ఆన్ చేశాను. ప్రశ్నల కాగితం తీశాను. ఆయన నా వైపు చూడలేదు. కూతురి చేతిలోని సీసా తీసుకుని, ఎదురుగా ఉన్న బండ మీద నీళ్లు పోసి, గొంతుక్కూర్చుని దాన్నే చూడసాగాడు. రెండు నిమిషాలు, మూడు నిమిషాలు గడిచాయి. నన్ను మరిచిపోయాడనుకుని "కట్" అన్నాను.

"ఉండప్పా, ఇంగా ఆరలేదు," అన్నాడు తల ఎత్తకుండా.

బటన్ మీద నా వేలు ఆగింది. బండ అంచుల నుంచి ఆరుతూ వచ్చింది. నలుపు బూడిదరంగైంది. చివరికి నడిమధ్యన వెంట్రుక అంత తడిగీత మిగిలింది.

"అది బీటు. ఉత్తప్పుడు కనపడదు. నీళ్లు పోసి ఊరకే కూర్చుంటే అదే చెప్తాది. మీయమ్మ పని ఇదే." ఆయన మాట్లాడుతున్నది నాతో కాదు, కూతురితో. "ఆ పొద్దు గూడా పోసింది. ఆగు, ఇంగా ఆరలేదు అనింది. లారీ నిలబడుండాదని నాకు తొందర. గడ్డపార ఏసినా. బండ బీటుకాడ ఇరిగి, దిగువనుండే ఆమె మీద పడిన్యాది. నేను ఆగింటే బతికుండేది పాపా."

సుంకులమ్మ ఏడవలేదు. తండ్రి పక్కన చతికిలబడి ఆయన చెయ్యి తన ఒళ్లోకి లాక్కుంది. ఏడ్చింది నేనే.

తిరిగి వస్తుంటే ఆమె అంది. "ఆ మాటలు సినిమాలో పెట్టొద్దన్నా. నాకు చెప్పిన్యాడు, అది చాలు."

నా జన్మలో అంతటి రష్, అంటే ఎడిటింగ్‌కు ముందున్న ముడి దృశ్యం, దొరకలేదు. రెండు రోజులు నాతో నేనే పోట్లాడి ఆ మాటలు తీసేశాను. బండ ఆరడం మాత్రం మొదటి నుంచి చివరిదాకా ఉంచాను. ఆ తర్వాత ప్రశ్నల కాగితం పట్టుకుని ఎవరి ముందూ కూర్చోలేదు.

సినిమా చూపించిన ప్రతిచోటా ఎవరో ఒకరు అడుగుతారు. "ఆ బండను అంతసేపు చూపించారెందుకు?"

"ఆరాలి కదండీ," అంటాను.