సైకిల్ మోటర్

దయ్యాలు, గాలి సోకడం, నిమ్మకాయలు కట్టడం, ఇవేవీ నాకు పట్టవు. మా పెద్దమ్మ ఇలాంటివి మొదలుపెడితే లేచి వెళ్లిపోయే రకం నేను. ఇప్పుడు రాయబోయేది కూడా దయ్యం కథో కాదో నాకు తెలియదు. జరిగింది జరిగినట్టు చెబుతాను. చెప్పడానికి సిగ్గుగానే ఉంది.

మాది మోస్రా. నిజామాబాద్‌లో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో మెడికల్ కోడింగ్ చేస్తాను. వచ్చిన ప్రతి దెబ్బకూ ఒక కోడు ఉంటుంది. యాక్సిడెంట్ అయితే ఎముక విరిగిందని రాస్తే సరిపోదు. మనిషి దేనిమీద వెళ్తున్నాడు, వచ్చి గుద్దింది ఏమిటి, అవీ రాయాలి. సైకిల్‌ను ఇంకో సైకిల్ గుద్దితే ఒక కోడు, మోటారు బండి గుద్దితే వేరే కోడు. మా దగ్గర మోటారు బండి అని పడితే పోలీసులకు కబురు వెళ్తుంది. సైకిలూ సైకిలూ అంటే ఎవరూ పట్టించుకోరు.

చేరిన కొత్తలో ఒకసారి మీటింగులో నా నోట "గట్లనా మేడం?" అని వచ్చింది. ఎవరూ తిట్టలేదు. కానీ సాయంత్రం దాకా అందరూ ఆ మాటే అని నవ్వుకున్నారు. ఆ రోజు నుంచి ఆఫీసులో టీవీ వార్తల్లాగా మాట్లాడటం నేర్చుకున్నాను. ఇంట్లో బాపు, ఆఫీసులో నాన్నగారు. బాపు ఫోన్ చేస్తే మెట్ల దగ్గరికి వెళ్లి మాట్లాడేదాన్ని.

మొన్న చెరుకు కోతల రోజుల్లో బోధన్ దగ్గరి పల్లె నుంచి ఒక పెద్దాయనను తీసుకొచ్చారు. తలకు దెబ్బ, స్పృహ లేదు. ప్రమాదాన్ని కళ్లారా చూసింది, సైకిల్ వెనక నడిచి వస్తున్న ఆయన భార్య ఒక్కతే. వివరాలు అడగడానికి నేనూ, మా సూపర్‌వైజర్ మేడమూ వెళ్లాం. మేడంది విజయవాడ వైపు. మంచి మనిషి.

"సైకిల్ మీద పోతుండె బిడ్డా. ఎన్కకెళ్లి సైకిల్ మోటర్ అచ్చి గుద్దింది. ఆగకుంటనే పోయిండు," అంది అవ్వ.

"అంటే సైకిలూ సైకిలూ గుద్దుకున్నాయా?" అని మేడం అడిగింది.

"గదేనమ్మా, సైకిల్ మోటర్."

మేడం కాసేపు ఆలోచించి, "బ్యాటరీ సైకిలేమో. సైకిలనే వేసెయ్యండి," అంది నాతో.

మా వైపు పెద్దవాళ్లు మోటార్ సైకిల్‌నే సైకిల్ మోటర్ అంటారు. నాకు తెలియక కాదు. మా బాపు ఇప్పటికీ తన బండిని అలాగే అంటాడు. ఆ మాట గొంతు దాకా వచ్చింది. "మా బాపు గూడ గదే అంటడు మేడం" అని చెప్పేస్తే అయిపోయేది. కానీ అలా చెబితే నేనెవరో తెలిసిపోతుందనిపించింది. అవ్వ నా ముఖం వైపే చూస్తోంది. నేను తల వంచుకుని సైకిల్ కోడే వేశాను.

మర్నాడు ఆదివారం, మోస్రాలో పెద్దమ్మ కూతురి నిశ్చితార్థం. మధ్యాహ్నమంతా బంతిలో వడ్డిస్తూనే ఉన్నాను. నా ఫోన్ బాపు జేబులో ఉంది.

సోమవారం ఆఫీసుకు వెళ్లగానే మేడం నా భుజం తట్టింది. "నిన్న మీరు ఫోన్ చేయకపోతే ఘోరం జరిగేదండీ. కోడు మార్చేశాను. పోలీసులకు కూడా చెప్పాం."

నేను ఫోన్ చేయలేదు.

ఆఫీసు ల్యాండ్‌లైన్‌కు వచ్చిందట. మధ్యాహ్నం భోజనాల వేళ. ఆదివారం డ్యూటీలో ఉన్న మేడం స్పీకర్‌లో పెడితే పక్క సీటు లత కూడా విన్నదట. నా గొంతే అని ఇద్దరూ అన్నారు. "ఎంత బాగా మాట్లాడారో. మా బాపు గూడ గదే అంటడు మేడం, సైకిల్ మోటర్ అంటే బండే, అన్నారు. బాపు అంటే నాన్నగారని లత చెబితే తెలిసింది," అంది మేడం. వెక్కిరింపుగా అనలేదు, ముచ్చటగానే అంది.

నా ఫోన్‌లో చూశాను, ఆఫీసుకు వెళ్లిన కాల్ లేదు. బాపును అడిగితే జేబులోంచి తియ్యనే లేదన్నాడు. అవ్వ బంధువులెవరైనా చేశారేమో అనుకుందామంటే, నేను గొంతులోనే మింగేసిన మాట వాళ్లకెలా తెలుస్తుంది? ఇవన్నీ తర్వాతి ఆలోచనలు. అప్పుడు మాత్రం, "అవును మేడం, గుర్తొచ్చి చేశాను," అన్నాను.

బండివాడు ఆ వారంలోనే దొరికాడు. పెద్దాయన కళ్లు తెరిచాడు. మాట ఇంకా సరిగా రాలేదు.

వాళ్లు ఇంటికి వెళ్లే రోజు అవ్వ నన్ను వెతుక్కుంటూ వచ్చింది. మేడం అంతా చెప్పిందట. నా రెండు చేతులూ పట్టుకుంది. "ఏడికెళ్లి అచ్చినవో గని, మా మనిషి పానం లెక్కలకు తెచ్చినవు బిడ్డా. నువ్వు మా లెక్కనే మాట్లాడుతవంట గదా. నా తోని గూడ ఒక్కపారి మాట్లాడు, వింట."

మేడం, లత నవ్వు ముఖాలతో చూస్తున్నారు. ఇప్పుడు ఎవరూ నవ్వరని నాకు తెలుసు. నోరు తెరిచాను.

"పర్వాలేదండి. జాగ్రత్తగా వెళ్లి రండి," అన్నాను.

అవ్వ చేతులు వదిలేసింది. ఫోన్‌లో మాట్లాడిన మనిషి ఇంకెక్కడైనా ఉందేమో అన్నట్టు నా వెనకాల ఉన్న కుర్చీల వైపు ఒకసారి చూసి వెళ్లిపోయింది. ఆ ఫోన్ ఎవరు చేశారో నాకు ఈ రోజుకీ తెలియదు. నేను మాత్రం కాదు.